శవం లేని ఒప్పారి

“శవం లేకుండా ఎట్ల పాడేది నాయనా?”

తిరుమలమ్మ అమాయకంగానే అడిగింది. మైకు ముందు అడగడంతో హాలంతా గొల్లున నవ్వింది. తిరుపతిలో ఆ రోజు పొద్దున్నుంచీ ‘కళ ఎందుకు?’ అని సదస్సు జరుగుతోంది. నాలుగు గంటలు మాట్లాడినా ఆ ‘ఎందుకు’ తేలలేదు గానీ, పులిహోర మాత్రం అయిపోయింది.

తిరుమలమ్మది పలమనేరు దగ్గర పల్లె. నలభై ఏళ్లుగా చావు ఇళ్లలో ఒప్పారి పాడుతోంది. పోయినవాళ్ల మంచీ చెడ్డా పాటగట్టి ఏడుస్తుంది. ఆమె గొంతెత్తితే కళ్లు తడవని కోడళ్లు కూడా బావురుమంటారని ఆ చుట్టుపక్కల పేరు. సదస్సు పెట్టిన చక్రధర్ ఆ పేరు వినే ఆమెను పిలిపించాడు. కాలేజీలో పాఠాలు చెబుతాడు, ఒప్పారి మీద నాలుగేళ్లుగా డాక్యుమెంటరీ తీస్తున్నాడు. దానికి కావలసిన ఆఖరి పాట ఇదే. అందుకని రెండు కెమెరాలు పెట్టించాడు.

“ఎవరో పోయారనుకుని పాడవ్వా,” అన్నాడు.

ఆమె ఊరూ పేరూ లేని శవాన్ని తలుచుకుని పాడింది. చప్పగా వచ్చింది. ముందు వరుసలో ఒకాయన నోరంతా తెరిచి ఆవులించాడు.

“టీ తాగి మళ్లీ మొదలుపెడదాం,” అంటూ చక్రధర్ ఆమెను పక్కగదికి తీసుకెళ్లాడు. అతని మొహం మాడిపోయి ఉంది.

అక్కడా చర్చ వదల్లేదు. పొద్దున గంటసేపు ఉపన్యాసం దంచిన విమర్శకుడు మోహన్‌కృష్ణ టీలో బిస్కెట్టు ముంచుతూ, “కళంటే అందమైన అబద్ధం,” అన్నాడు.

“కళ ఎవరికీ, దేనికీ పనికి రాకూడదండీ. పనికొస్తే చీపురుకట్టకీ దానికీ తేడా ఏముంది?” అంది బొమ్మలు వేసే రాజశ్రీ. ఆ మాటకు తనే మురిసిపోయి, “నువ్వేమంటావవ్వా? నీ పాట ఎందుకు?” అని అడిగింది.

“ఏడుపు గొంతులో ఇరుక్కుంటే మనిషి నిలవదమ్మా. దాన్ని బయటికి లాగేదానికి. ఈడ ఎవురికీ ఏమీ ఇరుక్కోలేదే! ఎవురికోసం పాడేది?”

చక్రధర్ కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు. “పోనీ, నీ కొడుకే పోయినట్టు అనుకో.”

“థూ! నీ నోట్లో మన్ను పడ!” తిరుమలమ్మ లేచి నిలబడింది. “బతికుండే బిడ్డకు ఒప్పారి పాడతారా ఎవురైనా? ఆ పాటే వాన్ని ఎత్తకపోతాది. మొగుడు పాయ, పెద్దోడు పాయ. నాకుండేది వీడొక్కడే సామీ!”

వీడంటే మునస్వామి. గూడూరు నుంచి నిమ్మకాయల లోడు తోలతాడు. పొద్దున ఆమెను వ్యానులో ఇక్కడ దింపి, నాలుగ్గంటలకు వచ్చి తీసుకుపోతానని చెప్పి వెళ్లాడు. దారిలో కడుపు తిప్పితే వాసన చూడమని అతనిచ్చిన నిమ్మకాయ ఇంకా ఆమె గుప్పిట్లోనే ఉంది.

అంతలో ఆమె ఫోను మోగింది. పాట మధ్యలో మోగుతుందని చక్రధరే దాన్ని ముందే తీసి తన జేబులో పెట్టుకున్నాడు. వరండాలోకి వెళ్లి మాట్లాడి వచ్చాడు. వచ్చి, సీసాడు నీళ్లూ గటగటా తాగేశాడు.

“మునస్వామేనా నాయనా?”

“వాడి సంగతేనవ్వా. రావడానికి కుదరదంట. నిన్ను నేనే కార్లో ఊరికి తీసకపోతాలే.”

“అన్నం తిన్నాడంటనా?”

“అది అడగలేదు.”

తర్వాత చక్రధర్ ఆమె ముందు గొంతుక్కూర్చున్నాడు. “అవ్వా, మునస్వామి పేరు పెట్టి పాడు. ఒక్కసారే.”

“మళ్లీ అదే మాటా?”

చక్రధర్ ఆమెను చెయ్యి పట్టుకుని కిటికీ దగ్గరికి నడిపించాడు. ఎదురుగా తిరుమల కొండ. “ఏడుకొండలవాడి మీద ఒట్టు. నీ పాట వల్ల మునస్వామికి ఏమీ కాదు. అబద్ధమైతే నా కళ్లు పోనీ.”

తిరుమలమ్మ అతని మొహంలోకి చూసింది. కొండకు ఎదురుగా నిలబడి దొంగ ఒట్టు పెట్టేవాణ్ని ఆమె ఇంతవరకూ చూడలేదు. పైగా చదువుకున్నవాడు. పొద్దున్నుంచీ అవ్వా అవ్వా అని తిరుగుతున్నవాడు.

“ఒక్క పాటే,” అంది భయంభయంగా.

చక్రధర్ పరుగున వెళ్లి కెమెరాలు రెండూ వేదిక దగ్గరికి జరిపించాడు.

“ముందు పోవాల్సిందాన్ని ఈడనే ఉంటి మునస్వామీ
యెనక రావాల్సినోడివి యాడికి పోతివి నాయనా
నీ సంగటి ముద్ద సల్లారిపాయ మునస్వామీ
నాకు మన్నేసేదింక ఎవురు నాయనా...”

హాల్లో ఫ్యాన్ల చప్పుడు తప్ప మరోటి లేదు. ఆవులించినాయన తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. రాజశ్రీ వెక్కి వెక్కి ఏడ్చింది. అందరికంటే ముందు కళ్లు తుడుచుకున్నది చక్రధరే.

“శవం లేదు! చావు లేదు! అయినా ఇంతమంది ఏడ్చాం!” మోహన్‌కృష్ణ మైకు లాక్కున్నాడు. “పొద్దున నేను మొత్తుకున్నది ఇదే కదండీ! అందమైన అబద్ధం!”

చప్పట్లే చప్పట్లు. తిరుమలమ్మకు శాలువా కప్పారు. ఆమె మాత్రం గుప్పిట్లోని నిమ్మకాయనే నలుపుతూ ఉంది.

కారు ఊరు దాటినా ఆ నిమ్మకాయ వదల్లేదు. “రవ్వంత బిన్నా, తొందరగా పోనీ నాయనా. బతికుండే బిడ్డకు పాడేస్తినే, పాపిష్టిదాన్ని! వాడు ఇంటికి రాంగానే ఈ నిమ్మకాయ దిగదీసి తొక్కించల్ల. అప్పుడైనా దోషం పోతాదంటావా?”

చక్రధర్ ఆమె గుప్పిటి మీద చెయ్యి వేశాడు.

“దోషమేం లేదులే అవ్వా, నువ్వు పాడేటప్పటికే వాడు పోయినాడు.”