పెన్‌డ్రైవ్‌లో పొలం

ఐలేశ్ కంప్యూటర్ తీగ పీకబోతుంటే సంధ్య వచ్చి ప్లగ్గుకు చెయ్యి అడ్డం పెట్టింది.

"జర ఆగు తమ్మీ. దాంట్ల నా పొలం ఉన్నది."

అది మహబూబాబాద్‌లో రాజమల్లు ఎరువుల దుకాణం. కొత్త కంప్యూటర్ వచ్చింది కాబట్టి పాతదాన్ని ఐలేశ్‌కు ఇస్తానని రాజమల్లు మాటిచ్చాడు. ఐలేశ్ నెల్లికుదురులో జిరాక్స్ సెంటర్ పెట్టుకుంటున్నాడు. ఇంటికి తీసుకుపోగానే లోపలున్నదంతా తుడిచేస్తాడట. పోనీ రేపు ఇద్దామా అంటే రేపు శుక్రవారం. దుకాణంలో సరుకు ఏ రోజైనా అమ్మొచ్చు గానీ, సొంతది ఏదైనా సరే, పాత చేటైనా, గుప్పెడు గింజలైనా, శుక్రవారం నాడు గడప దాటకూడదని రాజమల్లు పట్టింపు. ఆ విషయంలో బ్రహ్మదేవుడు దిగివచ్చినా ఆయన వినడు.

సంధ్య ఆయన కోడలు. దుకాణం లెక్కలన్నీ ఆమే చూస్తుంది. గిరాకీ లేనప్పుడు కంప్యూటర్‌లో వ్యవసాయం ఆట ఆడుతుంది. దేవరుప్పులలో నాయిన పొలం ఎట్లా ఉంటుందో ఆటలోనూ అట్లాగే గట్లు వేసుకుంది. బావి కూడా ఆ మూలనే తవ్వించింది. బర్రెలకు పుట్టింటి బర్రెల పేర్లే పెట్టుకుంది. పెళ్లయి వచ్చిన కొత్తలో దిగులు పోవడానికి మొదలుపెట్టిన పొలం అది. మళ్లీ మొదటి నుంచి చేసే ఓపిక ఆమెకు లేదు, పోనిచ్చే ఉద్దేశం అసలే లేదు.

లేని భూమికి నీళ్లు పెడుతున్నవా బిడ్డా అని మామ రోజూ వెక్కిరిస్తూనే ఉంటాడు. ఇవాళ కూడా ఆ మాట అననే అంటాడని సంధ్య గల్లాపెట్టె వైపు చూసింది. ఆయన ఆ ఊసే ఎత్తకుండా ఐలేశ్‌ను చాయ్ తాగి రమ్మన్నాడు.

ఐలేశ్ కదల్లేదు. ఇంత చిన్న పనికి పరేషాన్ ఎందుకక్కా అంటూ బల్ల మీదున్న సంధ్య పెన్‌డ్రైవ్ పెట్టి, తెర మీదున్న ఆట బొమ్మను దాంట్లోకి లాగేశాడు. పొలం వచ్చేసిందన్నాడు.

సంధ్యకు నవ్వొచ్చింది.

"అది పొలం గాదు తమ్మీ, పొలానికి దారి చూపెట్టే బోర్డు. బోర్డు పీక్కపోతే పొలం ఎంబడొస్తదా?"

ఐలేశ్ చాయ్‌కి పోయాడు.

సంధ్య కుర్చీ దగ్గరికి లాక్కుంది. ముందు డాక్యుమెంట్స్‌లో వెతికింది. ఎరువుల బిల్లులు తప్ప ఏమీ లేవు. ఆటను ఎక్కించిన ఫోల్డర్ తెరిచింది. అక్కడ ఆట ఉంది గానీ ఆడిన ఆట లేదు. అయినా ఆమె తొణకలేదు. కంప్యూటర్ కొన్ని ఫోల్డర్లను కంటపడకుండా దాచిపెడుతుందని ఆమెకు తెలుసు. దాచినవి చూపించమని టిక్కు పెట్టి, ఒకదాంట్లోంచి ఒకదాంట్లోకి దిగుతూ పోయింది. అదిగో, ఆట పేరు. దాని కింద ఒకటి, రెండు అని రెండు ఫోల్డర్లు.

ఒకటోది తనది. ఆట తెరవగానే ఎప్పుడూ ఆ పొలమే వస్తుంది కాబట్టి, రెండోది ఒకటి ఉందనే ఆమెకు ఇన్నాళ్లూ తెలియదు. తేదీ చూస్తే ఇవాళ మధ్యాహ్నానిది. ఆ వేళకు తను అన్నానికి ఇంటికి పోయింది. ఆట తనంతట తాను తీసుకున్న నకలు కావచ్చనుకుని, ఒకటోదాన్ని పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసింది.

"రెండూ తీస్కో బిడ్డా." మామ ఎప్పుడొచ్చాడో, కళ్లద్దాలు ముక్కు మీదికి జార్చుకుని వెనకే నిలబడి ఉన్నాడు. "తీసేటప్పుడు ఒకటి ఇడిచిపెట్టుడేంది?"

వ్యాపారస్తుడి బుద్ధి అనుకుని సంధ్య రెండోదీ తీసుకుంది. ఒక్క పెన్‌డ్రైవ్‌నే నమ్ముకోవడం ఎందుకని ఫోన్‌లో కూడా ఇంకో కాపీ పెట్టుకుంది. అప్పుడు ప్లగ్గు తనే పీకి ఐలేశ్ చేతికిచ్చింది. దీపాలు పెట్టకముందే కంప్యూటర్‌తో ఐలేశ్ ఎక్కిన ఆటో కదిలింది.

మర్నాడు పొద్దున దుకాణం తెరిచి, కొత్త కంప్యూటర్‌కు కుంకుమ బొట్టు పెట్టి, సంధ్య ఆటను ఎక్కించింది. ఒకసారి తెరిస్తే గానీ అది దాచుకునే చోటు తయారుకాదు. తెరిచింది. ఎదురుగా ఖాళీ బీడు. ఇట్లాగే ఉంటుందని తెలిసి కూడా గుండె కలుక్కుమంది. ఆట మూసి, రెండు ఫోల్డర్లనూ తెచ్చి వాటి చోట్లో పెట్టి, మళ్లీ తెరిచింది.

గట్లు వచ్చాయి. బావి వచ్చింది. బర్రెలు వచ్చాయి. సంధ్యకు కళ్లలో నీళ్లు తిరిగాయి. ఎవరూ చూడకముందే తుడుచుకుంది.

ఇక రెండోది ఏమిటో చూద్దామని దాన్ని కూడా తెరిచింది. అది నకలు కానే కాదు. గట్టు నుంచి గట్టు దాకా మిర్చి తోట, ఒక్క సాలు కూడా వంకర లేదు. కల్లం నిండా ఎర్రగా ఎండిన కాయ. పక్కన మార్కెట్ ధర చూస్తే ఎన్నడూ లేనంత పైకి పోయింది. ఎవరిదైతేనేం, ఇంత ధర పలుకుతుంటే సరుకును కల్లంలో ఉంచుకోవడానికి తనేమైనా తెలివితక్కువదా అనుకుని, సంధ్య బాణాన్ని అమ్మకం బటన్ మీదికి జరిపింది.

గల్లాపెట్టె దగ్గర్నుంచి రాజమల్లు గబగబా వచ్చి మౌసు తీగ పట్టుకున్నాడు.

"జర ఆగు బిడ్డా. ఇయ్యాల శుక్రవారం, నా మిర్చి గడప దాటద్దు."