హారిసన్‌కు పూలు

ప్రెసిడెంట్ల దినం నాడు ఆ ఊళ్లో ఎవరింట్లోనూ పొయ్యి వెలగదు. ఊరంతా ఫైర్ స్టేషన్‌లోనే. ఫైరింజన్‌ను బయట మంచులో నిలబెట్టి, ఆ జాగాలో బల్లలు వేస్తారు. స్పగెట్టీ మీద చిల్లీ అనే మాంసం కూర, దాని మీద గుప్పెడు చీజ్ తురుము. తిన్నాక ప్రెసిడెంట్ల మీద ప్రశ్నలు. గెలిచిన బల్లకు చెర్రీ పళ్లు కూరి కాల్చిన 'పై'. ఒహాయోలో పుట్టి ప్రెసిడెంట్ల సంగతి తెలియదంటే పరువు తక్కువ. అంతమందిని కన్న రాష్ట్రం మరి.

ఈసారి చిల్లీలో కారం ఎక్కువైందని ఎవరూ గొణగలేదు. అందరి కళ్లూ ఆర్డిస్ బల్ల మీదే ఉన్నాయి.

క్రిస్మస్ వెళ్లిన మర్నాడు వెండెల్ ఆమెను పెళ్లి చేసుకోమని అడిగాడు. అప్పటికి ఎంతో కాలంగా ఆమె వాకిట్లో మంచు తోస్తున్నాడు, కట్టెలు కొట్టిపెడుతున్నాడు. ఆర్డిస్ అవుననలేదు, కాదనలేదు. ఒక షరతు పెట్టింది. ప్రెసిడెంట్ల దినం నాడు తన పక్కన కూర్చోవాలి. విందు ముగిసేదాకా ఒక్క ప్రెసిడెంటు పేరు కూడా అతని నోట రాకూడదు. వచ్చిందా, పెళ్లి మాట మరిచిపోవాలి.

ఊరు పడీపడీ నవ్వింది. వెండెల్‌కు మాత్రం నవ్వులాట కాదు. ఈ వయసులో ఇంకో దెబ్బ తగిలితే ఇక లేవలేనని ఫైర్ చీఫ్ డెల్బర్ట్ దగ్గర కళ్లనీళ్లు పెట్టుకున్నాడు.

ఆ బల్ల దగ్గరే ఖాళీ కుర్చీ కనబడి బ్రియానా వచ్చి కూర్చుంది. పళ్లడాక్టరు దగ్గర పనికని ఊరికి కొత్తగా వచ్చిన పిల్ల. షరతు సంగతి చెవిన పడేసరికి ఆగలేక, ఇదేం విడ్డూరమని ఆర్డిస్‌నే అడిగేసింది.

"అంతా నా మొదటి మొగుడి పుణ్యం అమ్మాయ్," అంది ఆర్డిస్, వెండెల్ గిన్నెలో ఉల్లిపాయ ముక్కలు వేస్తూ.

ఇక ఏకరువు పెట్టింది. ఆ మహానుభావుడికి ప్రెసిడెంట్ల పిచ్చి. హనీమూన్‌కు నయాగరా అని చెప్పి బయల్దేరదీసి, దారిలో ఉన్న ప్రతి ప్రెసిడెంటు సమాధి దగ్గరా కారు ఆపాడు. జలపాతం చేరేసరికి చీకటి పడింది, నీళ్ల చప్పుడు విని వెనక్కొచ్చారు. కుక్కకు భారీకాయుడైన ప్రెసిడెంటు టాఫ్ట్ పేరు పెట్టాడు. అది ఒళ్లు చేస్తే, పేరు నిలబెట్టిందని మురిసిపోయాడు.

అన్నీ ఓర్చుకుంది. ఒక్కదాన్నే ఓర్చుకోలేకపోయింది. ఆర్డిస్ పుట్టినరోజూ, ప్రెసిడెంటు విలియం హెన్రీ హారిసన్ పుట్టినరోజూ ఒకటే. ఏటా ఆ పొద్దున అతను పూలు కొనుక్కుని, నది ఒడ్డునున్న హారిసన్ సమాధికి వెళ్లేవాడు. ఇంటికి ఉత్త చేతులతో వచ్చేవాడు.

"నెల్లాళ్లు కుర్చీలో కూర్చుని పోయినవాడికి పూలు. ఇన్నేళ్లు కాపురం చేసినదానికి పువ్వు లేదు, రేకు లేదు. ఒక ఏడు ఆయన సమాధి నుంచి వచ్చేసరికి నేను పెట్టె సర్దుకుని గుమ్మంలో ఉన్నాను."

బ్రియానాకు ఒళ్లు మండిపోయింది. అలాంటివాడితో అన్నాళ్లు ఎలా వేగారండీ అని నొచ్చుకుంది. తర్వాత వెండెల్ వైపు తిరిగి, "మీరెరుగుదురా ఆయన్ని?" అంది.

"ఎరుగుదును," అన్నాడు వెండెల్ గిన్నెలోంచి తలెత్తకుండా. "దండగమారి మనిషి."

వడ్డిస్తున్న డెల్బర్ట్‌కు ఎందుకో పొలమారింది.

ప్రశ్నలు మొదలయ్యాయి. పెళ్లే చేసుకోని ప్రెసిడెంటెవరు? దర్జీ పని చేసి పైకొచ్చినవాడెవరు? ఆర్డిస్ టకటకా చెప్పేస్తోంది. అన్నేళ్లు చెవిలో పోరితే రాక చస్తుందా అంటోంది. వెండెల్ మాత్రం చెంచా నోట్లో పెట్టుకుని కూర్చున్నాడు. మెడంతా చెమట. పాపం ఈయనకు ఒక్కటీ తెలియదు కాబోలు, పోనీలే, ఆవిడకు కావలసింది ఇలాంటివాడేగా అనుకుంది బ్రియానా.

చివరికి వాళ్ల బల్లా, చర్చి గాయకుల బల్లా సమానమయ్యాయి. అలా అయినప్పుడు ఆ ఊళ్లో ఒక పద్ధతి ఉంది. ఆఖరి ప్రశ్నకు బల్లలో అందరికన్నా పెద్దవాళ్లే జవాబు చెప్పాలి. పక్కవాళ్లు పెదవి విప్పకూడదు. ఆర్డిస్ బల్లలో పెద్దవాడు వెండెలే.

షరతు షరతేనన్నట్టు చూసింది ఆర్డిస్. చేతిలో కాగితపు రుమాలు మాత్రం ఉండచుట్టుకుపోయింది.

డెల్బర్ట్ చీటీల గిన్నెలో చెయ్యి పెట్టి చాలాసేపు వెతికాడు. ఒకటి తీసి చదివాడు. విలియం హెన్రీ హారిసన్ పుట్టినరోజు ఎప్పుడు?

గాయకుల్లో పెద్దాయన జూలై నాలుగు అన్నాడు. దేశం పుట్టినరోజు చెబితే ఎలాగోలా తగలకపోదని ఆయన ధైర్యం. తగల్లేదు.

వెండెల్ లేచి నిలబడ్డాడు. డెల్బర్ట్ వైపు చూడలేదు. ఆర్డిస్ వైపు చూశాడు.

"ఫిబ్రవరి తొమ్మిది," అన్నాడు. "మా ఆర్డిస్ పుట్టినరోజు."

ఏ ప్రెసిడెంటు పేరూ ఎత్తలేదు. జవాబూ తప్పలేదు. చెర్రీ పై వాళ్ల బల్ల మీదికి వచ్చింది. ఆర్డిస్ దానివంక చూడనైనా చూడలేదు. ఉండచుట్టిన రుమాలుతోనే కళ్లు తుడుచుకుని, సరే, మే నెలలో చేసుకుందాం, అప్పుడైతే పూలకు లోటుండదు అంది.

ఊరంతా బల్లలు చరిచింది. బ్రియానాకు సంతోషం పట్టలేదు. చెర్రీ పై ముక్క అందుకుంటూ ఆర్డిస్ చెవి దగ్గరికి వంగింది. "ఆ మొదటి మొగుణ్ణి కూడా పెళ్లికి పిలవండి. వచ్చి, చూసి ఏడుస్తాడు."

"రాకేం చేస్తాడు," అంది ఆర్డిస్, వెండెల్ మీసానికంటిన చెర్రీ రసం తుడుస్తూ. "పెళ్లికొడుకు లేకుండా పెళ్లెలా అవుతుందమ్మాయ్?"