గోడలో దారి

"ఆ కన్నం ఇప్పుడే మూసెయ్యాలి," అంది మేనేజర్, అతని కుర్చీ వెనక వచ్చి నిలబడి.

"రేపు చేస్తాను మేడమ్. సరిగ్గా చూసుకోకుండా వదిలితే..."

"రేపటిదాకా ఆగితే ఆటలో ఒక్క ఇల్లు మిగలదు. దొంగలు ఊళ్లకు ఊళ్లు ఊడ్చేస్తున్నారు."

ఆమె మాట నిజమే. ఎవరి ఇల్లు వాళ్లు కట్టుకుని, తాళం వేసుకుని ఆడుకునే ఆన్‌లైన్ ఆట అది. ఇప్పుడు గోడకు ఆనించి మంచం వేసి, దానిమీద పడుకుని లేస్తే చాలు, గోడ అవతల తేలుతున్నారు. తాళాలు తాళాల్లాగే ఉంటున్నాయి, ఇళ్లు గుల్లవుతున్నాయి.

ఇలాంటి లొసుగులు మూయడంలో అతనికి 'అతుకుల మాస్టారు' అని పేరు. అలాంటివాడు ఈ ఒక్కదాన్నే నానుస్తున్నాడు.

"కొంపదీసి మీరూ మంచమెక్కుతున్నారా మాస్టారూ?" పక్క సీటతను నవ్వాడు.

అతను నవ్వలేదు. "ఒక్క సాయంత్రం ఆగండి మేడమ్."

"ఎందుకు? దొంగలెవరైనా మీ చేతిలో ఏమైనా పెడుతున్నారా?"

గదిలో తలలన్నీ ఇటు తిరిగాయి. అతను కోడ్ సరిచేసి ప్యాచ్ వదిలాడు. తెరమీద, మంచం దిగిన బొమ్మ గోడకు ఇవతలే నిలబడిపోయింది.

"ఇంతేగా! దీనికింత నాన్చుడా?" అంటూ మేనేజర్ వెళ్లిపోయింది.

సాయంత్రానికి ఫిర్యాదుల ఫోన్లు మొదలయ్యాయి. అందరితోపాటు అతనూ ఒకటి ఎత్తాడు.

"హలో అంకుల్," చిన్నపిల్ల గొంతు. "ఆటలో మా ఇంటికి అమ్మ తాళం మార్చేసింది. అయినా రోజూ ఒకళ్లు గోడలోంచి వచ్చేవాళ్లు. ఏమీ ఎత్తుకెళ్లరు. నాతో కలిసి మొక్కలు నాటేవాళ్లు. ఇవాళ రాలేదు."

అతను గొంతు మార్చి అన్నాడు, "దొంగదారిన వచ్చేవాళ్లను ఆపేశామమ్మా. ఇక రారు."

"ఎప్పటికీనా?"

"ఎప్పటికీ."



"పోనీ, వాళ్లకి తాళం ఇమ్మని అమ్మని అడగనా?"

"వద్దు తల్లీ, అడక్కు. అమ్మ నిన్ను కోప్పడుతుంది."

"సరే నాన్నా," అని ఫోన్ పెట్టేసింది.