కల్లంలో వాసన

"కోటేష్ తనంతట తనే పురుగుమందు తాగాడు. మీరేమో హత్య అంటున్నారు. ఎలా అంటున్నారు డాక్టరుగారూ?" డిఫెన్స్ లాయరు గొంతులో వెటకారం ఉంది.

డాక్టర్ హెలెన్ తొణకలేదు. పోస్ట్‌మార్టం చేసింది ఆమే.

"తాగితే మందు పొట్టలోకి దిగుతుందండి. ఇతనికి నోట్లోనే ఉంది. గొంతు దాటి చుక్క కూడా దిగలేదు. ల్యాబ్ వాళ్ళూ అదే చెప్పారు. చనిపోయిన మనిషి మింగలేడు కదండి."

వెనక బెంచీలో కోటేష్ తల్లి బసవమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"పై పెదవి లోపల పళ్ళు గుచ్చుకున్న గాయాలున్నాయి. ముక్కూ నోరూ కలిపి గట్టిగా అదిమితే అలా అవుతుంది. ఊపిరి ఆడకుండా చేసి చంపారు. తర్వాత ఆత్మహత్య అనిపించడానికి మందు పోశారు."

బోనులో నిలబడ్డ లక్ష్మీకాంత్ చెమట తుడుచుకున్నాడు. నల్లపాడు అవతల ఊళ్ళో పెద్ద ఆసామి. మిరప తోటలు, పత్తి చేలు, వాటితోపాటు పురుగుమందుల కొట్టు. ఆ కొట్టులో కొన్న కల్తీ మందు కొట్టి కౌలురైతు కోటేష్ తన తోట పోగొట్టుకున్నాడు. కంప్లెయింట్ ఇస్తానని లక్ష్మీకాంత్‌కి చెప్పడానికి అతని మిర్చి కల్లానికే వెళ్ళాడు. మళ్ళీ నడిచి బయటికి రాలేదు. ఆ సమయంలో కల్లంలో ఉన్నది వాళ్ళిద్దరే.

లాయరు వదల్లేదు. "శవాన్ని ముందు చూసింది ఎస్సైగారు. పంచనామాలో మందు వాసన ఊసే లేదు. శవాన్ని ట్రాక్టర్లోకి ఎక్కించినవాళ్ళకీ రాలేదట. మీ రిపోర్టులో మాత్రం ఉంది. మీ ఒక్కరికే వచ్చిందా ఆ వాసన?"

"అది మిర్చి కల్లమండి. ఘాటైన తేజ రకం మిరపకాయ ఎండబోసి ఉంది. ఎస్సైగారు ముక్కుకి చేతిరుమాలు కట్టుకునే పంచనామా రాశారు. మిగతావాళ్ళు తుమ్ముతూనే శవాన్ని మోశారు. అక్కడ మందు వాసన పట్టే ముక్కు ఎవరికుంటుందండి?"

హాల్లో నవ్వులు. జడ్జిగారు కూడా నవ్వు ఆపుకుని తల దించుకున్నారు. కల్లం ఘాటు సంగతి గుంటూరు జిల్లాలో ఒకరు చెబితే ఇంకొకరు తెలుసుకోవాల్సింది కాదు.

అప్పుడు లక్ష్మీకాంత్ నోరు జారాడు.

"వాడు మందు తాగలేదండి. నేనూ పొయ్యలేదండి. మాట్లాడతా మాట్లాడతా మంచినీళ్ళ కుండ కాడికి నడిచాడు, పడిపోయాడు. అంతేనండి జరిగింది."

లాయరు నెత్తి కొట్టుకున్నంత పని చేశాడు. తాగాడని ఆయన వాదిస్తుంటే, తాగలేదని ముద్దాయే చెబుతున్నాడు. ఇక ఆ కేసులో మిగిలిందేమీ లేదు.

హెలెన్ బోనువైపు చూసింది. ఆమెకి లక్ష్మీకాంత్ కొత్తవాడు కాదు. ఆమె తండ్రి ఇమ్మానియేలు అతని పత్తి చేలో మందు కొట్టే కూలీ. ముక్కుకి గుడ్డ కూడా ఇవ్వకుండా నడి ఎండలో కొట్టించాడు. నోట నురగ కక్కుతూ చేలోనే పడి చచ్చిపోయాడు ఇమ్మానియేలు. లక్ష్మీకాంత్ ఎవరికో ఫోను చేశాడు. ఆస్పత్రిలో శవాన్ని కొయ్యనూ లేదు, ముట్టనూ లేదు. ఎండదెబ్బ అని రాసి పంపేశారు. ఎన్నిసార్లు ఉతికినా మందు వాసన పోని ఆ చొక్కాని హెలెన్ తల్లి చివరికి పొయ్యిలో పెట్టింది.

అప్పటికి హెలెన్ బడికి పోయే పిల్ల. డాక్టరు చదువులో తోటివాళ్ళు పిల్లల వైద్యం, కళ్ళ వైద్యం తీసుకుంటే తను శవాల చదువు ఎంచుకుంది. ఎందుకని అడిగిన వాళ్ళకి ఏదో ఒకటి చెప్పేది. అసలు కారణం పగ. దానికి న్యాయం అని మంచి పేరు పెట్టుకోవాలని కూడా ఆమెకి ఎప్పుడూ అనిపించలేదు. లక్ష్మీకాంత్ బతుకు తన రాతతో ముగియాలి, అంతే.

కొన్నాళ్ళకి తీర్పు వచ్చింది. యావజ్జీవం పడింది.

వరండాలో బసవమ్మ హెలెన్ రెండు చేతులూ పట్టుకుంది. "నువ్వు లేకపోతే నా కొడుకు చావుని గాలికొదిలేసేవాళ్ళు తల్లీ. నీ కడుపు చల్లగుండ."

హెలెన్ ఆ చేతుల్ని మెల్లగా విడిపించుకుంది.

పోలీసులు లక్ష్మీకాంత్‌ని అటుగా తీసుకొచ్చారు. అతను ఆమె ముందు ఆగిపోయాడు. కళ్ళనిండా నీళ్ళు.

"అమ్మా, నేను వాణ్ణి ముట్టుకోను కూడా లేదు. మీకు నా మీద ఏం కోపం? అసలు మీదేవూరు?"

"మీ ఊరేనండి. ఇమ్మానియేలు కూతుర్ని."

లక్ష్మీకాంత్ మొహం చిట్లించి ఆలోచించాడు. నిజంగానే ఆలోచించాడు.

"ఏ ఇమ్మానియేలు?"

సాక్ష్యం చెప్పిన దగ్గర్నుంచీ హెలెన్‌కి కంటిమీద కునుకు లేదు. ఏ మూలో ఇంకా కాస్త జాలి మిగిలి ఉండి పీకుతోంది. ఆ ఒక్క ప్రశ్నతో అదీ పోయింది. ఆమె చెప్పులు టకటకలాడిస్తూ మెట్లు దిగి వెళ్ళిపోయింది.

కోటేష్ శవం ఆమె బల్ల మీదకి వచ్చినప్పుడు అతని నోట్లో మందూ లేదు, పెదవి లోపల గాయమూ లేదు.