పొయ్యి మీద రొయ్యలు

రొయ్యలు వేగుతున్న వాసన కలకత్తా పక్కన లిలువా రైల్వే క్వార్టర్ల మెట్ల దాకా వచ్చింది. పరామర్శకు వచ్చిన ఆడవాళ్లు ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకున్నారు.

కోదండం పోయి వారం కాలేదు.

"ఏటే సుందరీ, మైల తీరనేదు, ఇంట్లో ఈ నీసేటి?" అంది అతని అక్క, వంటింటి గుమ్మంలో నిలబడి.

సుందరి వెనక్కి తిరగలేదు. "పొయ్యి మీంచి దింపను వదినా. కిట్టనోళ్లు ఎల్లిపోవచ్చు."

"మొగుడు పోతే పది రోజులు నోరు కట్టుకోలేవా?"

సుందరి కూరలో కొబ్బరిపాలు పోసింది. ఉప్పు సరిపోయిందో లేదో నాలుక మీద వేసుకుని కూడా చూడలేదు. కంచంలో అన్నం, కూర వడ్డించి తీసుకెళ్లి కోదండం ఫొటో ముందు పెట్టింది.

అది చూసి అక్క మెత్తబడింది. "ఆడికిష్టమని వండేవా?"

"ఇష్టమూ నేదు, పాడూ నేదు. నిన్న ఫుట్‌బాల్ మ్యాచ్‌లో మీ తమ్ముడి మోహన్‌బగాన్ గెలిసింది. నా ఈస్ట్‌బెంగాల్ ఓడిపోయింది. ఓడినోళ్లు గెలిసినోళ్లకి వండిపెట్టాల. పెళ్లయిన కాడ్నించీ మా పందెం అదే. తను గెలిస్తే నేను రొయ్యలొండాల, నేను గెలిస్తే తను ఇలిష్ చేప వండాల."

కంచం అంచుకు అంటిన కూరను సుందరి కొంగుతో తుడిచింది. ఫొటోలోకి సూటిగా చూసింది.

"నేను మాట తప్పనేదు. వచ్చే మ్యాచ్ నేనే గెలుస్తాను. అప్పుడు వండడానికి ఎలాగ రాడో సూస్తాను."