తదనుగుణంగా

బీరువా తలుపు లోపలివైపు రెండు వందల నలభై పెన్సిల్ గీతలున్నాయి. నెలకొకటి చొప్పున ఇరవై ఏళ్ల గీతలు. చివరిది ఆ పొద్దున్నే గీసి, బస్సు డ్రైవరు సెలవు పెట్టి బ్యాంకుకి వెళ్లాడు. ఇంటి అప్పు తీరిందని కాగితం తెచ్చుకోవాలి.

ఇల్లంటే ఎంత, రెండు గదులూ ఒక వంటిల్లూ. మొగుడూ పెళ్లాం ఇద్దరి పేరు మీదా ఉంది. ఆ అప్పు మీద వాళ్లింట్లో ఒక వేళాకోళం నడిచేది. ఐదేళ్లు కట్టగానే వంటిల్లు మనదైపోయిందనుకున్నారు. పన్నెండేళ్లకి ముందుగది. పడకగది మాత్రం బ్యాంకువాళ్లదే, ఏదో జాలిపడి పడుకోనిస్తున్నారు అని నవ్వుకునేవాళ్లు. నవ్వడానికి ఓపికున్న రోజుల్లో.

భార్య ఇంట్లోనే మిషను కుడుతుంది. కుట్టు మానకపోతే ఉన్న కాస్త చూపూ పోతుందని కళ్ల డాక్టరు రెండేళ్లుగా మొత్తుకుంటున్నాడు. అప్పు తీరిన రోజే మిషనుకి మూత పెడతానని ఆవిడ మొండిపట్టు. ఇప్పటికే సూదిలో దారం మొగుడు ఎక్కించి పెట్టి డ్యూటీకి వెళ్తున్నాడు.

బ్యాంకులో అప్పులు చూసే అమ్మాయి కంప్యూటర్లో ఒకసారి చూసింది. మళ్లీ చూసింది.

"ఇంకా నూట రెండు కిస్తీలు ఉన్నాయి సార్."

ఆయన నవ్వాడు. ఎవరి ఖాతానో చూస్తున్నావమ్మా అన్నాడు. ఆ అమ్మాయి ఖాతా నంబరు చదివి వినిపించింది. ఇద్దరి పేర్లూ చదివింది. ఇక నవ్వడానికేం మిగల్లేదు.

పదిహేనేళ్ల కిందట వడ్డీ రేటు పెరిగిందట. కిస్తీ పెంచమంటారా, ఉన్నంతే ఉంచమంటారా అని అప్పుడు అందరి దగ్గరా ఫారాలు నింపించుకున్నారట. ఆ అమ్మాయి పాత ఫైలు తెప్పించి, నకలు తీసి చేతిలో పెట్టింది. రెండో గడిలో టిక్కు ఉంది. దాని పక్కన పెద్దక్షరాలతో 'కిస్తీ మారదు' అని ఉంది. దాని కింద చీమతలకాయంత అక్షరాలతో 'గడువు తదనుగుణంగా సవరించబడును' అని ఉంది.

తదనుగుణంగా అంటే ఎనిమిదిన్నరేళ్లని ఆయనకి ఆ రోజు తెలిసింది.

పాపం, ఆ అమ్మాయి ఓపిగ్గానే చెప్పింది. అప్పట్నుంచీ నెలకి ఇంకో పదమూడొందలు కలిపి కట్టుంటే ఈ రోజుతో అయిపోయేదట. తీసుకున్నదానికి రెండింతలు ఇప్పటికే కట్టేశారట. అంతా అయ్యేసరికి మూడింతలకి దగ్గరవుతుందట. మొదటి ఐదేళ్లూ కట్టినదాంట్లో అసలుకి జమైంది పావు వంతేనట, మిగతాదంతా వడ్డీ మింగేసింది. అంటే వంటిల్లు మనదని మురిసిపోయిన నాటికి, మహా అయితే పొయ్యి గట్టు వాళ్లదై ఉంటుంది.

"ఈ సంతకం మీదే కదా సార్?"

ఆయన ఆ నకలు వైపు చాలాసేపు చూశాడు. కుడికాల్లో రాడ్డు వేసిన చోట సలుపు మొదలైంది.

"మాదేనమ్మా" అన్నాడు.

బయట టీ కొట్టు దగ్గర కండక్టరు కాచుకుని ఉన్నాడు. ఇరవై ఏళ్లుగా ఇద్దరిదీ ఒకే బస్సు. మిఠాయి కొనిపించుకుందామని వచ్చినవాడు సంగతి విని నెత్తి కొట్టుకున్నాడు. ఆ ఏడాది తనకీ అదే ఫారం వచ్చింది. బ్యాంకుని నోటికొచ్చినట్టు తిట్టి, తిడుతూనే కిస్తీ పెంచుకున్నాడు. అతని అప్పు పోయినేడే తీరిపోయింది.

"చదవకుండానే సంతకం గీకేశావా బావా? నీ తెలివి తెల్లారినట్టే ఉంది."

"అప్పటికి అదే మంచిదనిపించింది."

ఇంకో రెండు నెలల్లో రిటైరవుతున్నావు, ఎలా కడతావు అని అడిగాడు కండక్టరు. స్కూలు బస్సులకి డ్రైవర్లు కావాలంటున్నారు, చూస్తానన్నాడు. ఆ కాలుతోనా అన్నాడు కండక్టరు.

"మరి చెల్లెమ్మకి ఏమని చెప్తావు?"

"చెప్పను."

"భయమా?"

"భయమే" అన్నాడు ఆయన. కండక్టరుకి ఇంకా తిట్టాలనే ఉంది. ఆ మొహం చూసి రెండు టీలు చెప్పాడు.

ఇంటికొచ్చేసరికి భార్య ఎవరిదో జాకెట్టు చేతులు కుడుతోంది. గుడ్డని ముక్కుకి ఆనించినంత దగ్గరగా పెట్టుకుంది. కాగితం ఇచ్చారా అని తలెత్తకుండానే అడిగింది. కాగితాలు పోస్టులో వస్తాయట, మన పని మాత్రం అయిపోయింది అన్నాడు. మిషను ఆగింది.

"పడకగది కూడా మనదేనా?"

"అదీ మనదే."

ఆవిడ కళ్లు తుడుచుకుంది. ముందే తీసుకున్న కూలితో సహా తిరిగి ఇచ్చేద్దామని ఆ జాకెట్టు ముక్కలు సంచిలో పెట్టేసింది. సూదిలోంచి దారం లాగేసి మిషనుకి మూత పెట్టింది. ఎన్ని కష్టాలొచ్చినా కిస్తీ ఒక్క పైసా పెరగలేదు చూశారా అంది. అవునన్నాడు. రిటైరయ్యాక స్కూలు బస్సు తోలుకుంటాను, ఇంట్లో కూర్చుంటే పిచ్చెక్కుతుంది అన్నాడు. మీకు ఆ స్టీరింగే మొదటి పెళ్లాం, నేను రెండోదాన్ని అని దెప్పిపొడిచి, పట్టపగలు పడకగదిలోకి వెళ్లి పడుకుంది. ఇన్నేళ్లలో అలా పడుకోవడం ఆయన చూడలేదు.

ఆవిడ నిద్రపోయిందని నమ్మకం కుదిరాక జేబులోంచి నకలు తీశాడు. చింపేసేముందు ఇంకొక్కసారి చూశాడు: తను కాలు విరిగి ఆస్పత్రిలో పడున్న నెల తేదీ, ఆ తేదీ పక్కనే పెళ్లైన కొత్తలో తను చెయ్యి పట్టి దిద్దించిన గుండ్రటి అక్షరాల్లో, ఆవిడ సంతకం.