లింబాద్రికి జామీను

ఫోన్‌లో వచ్చిన కాగితాన్ని మల్లేశం రెండు వేళ్లతో పెద్దది చేసి చూశాడు. అన్నీ రష్యా అక్షరాలే. ఒక్కటీ తెలియదు. అడుగున సంతకానికి వదిలిన ఖాళీ ఒక్కటే అర్థమైంది.

"ఏం రాసున్నది తమ్మీ ఇందుల?" అని వాయిస్ మెసేజ్ పెట్టాడు.

పోయినేడు ఇదే గదిలోంచి రష్యా పోయిన లింబాద్రి జవాబు నిమిషంలో వచ్చింది. "వంట పని కాగితమే అన్నా. ఒక్క ఏడాది. ఆ తర్వాత ఇక్కడనే ఉండెతందుకు కార్డు ఇస్తరు. వదినను, పాపను తెచ్చుకోవచ్చు."

ఆ చివరి మాటను మల్లేశం మూడుసార్లు విన్నాడు.

సౌదీలోని రాబిగ్‌లో పైపులకు రంగులు వేస్తూ పదకొండేళ్లు గడిచాయి. కూతురికి తొమ్మిదేళ్లు. ఆ పిల్లతో ఒకే ఇంట్లో ఉన్నది మొత్తం కలిపి ఏడు నెలలు. కూలి వీసా మీద వచ్చినవాడు భార్యాబిడ్డలను ఇక్కడికి తెచ్చుకోలేడు. ఇప్పుడు ఆ కూలి కూడా పోయింది. కంపెనీ కాంట్రాక్టు ముగిసింది. వీసా ఇచ్చిన యజమాని, కఫీలు, ఒక్కొక్కరికీ పాస్‌పోర్టులో ఎగ్జిట్ ముద్ర కొట్టించి పంపేస్తున్నాడు.

"వంట ఎవలకు?" అన్నాడు పీరయ్య, పప్పులో పోపు పెడుతూ. గదిలో అందరికంటే పెద్దవాడు. గల్ఫ్ యుద్ధం కంటే ముందు వచ్చినవాడు.

"రష్యా కమాండోలకు కాకా. స్పెత్స్‌నాజ్ అంటరట. వాళ్లు ట్రైనింగ్ అయ్యే క్యాంపుల. యుద్ధం జరిగే జాగకు మస్తు దూరమట."

"తొంభై ఒకటిల మాకు కూడ గిట్లనే చెప్పిండ్రు. సిపాయిలకు రొట్టెలు చేసుడే అన్నరు. తెల్లారి లేచి చూస్తే కువైట్ సరిహద్దు! పిండి పిసుకుతుంటే నెత్తి మీదికెళ్లి రాకెట్లు. రొట్టె గుండ్రంగ ఎట్లస్తది, చెప్పు?"

మల్లేశం నవ్వాడు. "ఇది ఏజెంటు మాట కాదు కాకా. లింబాద్రి మాట."

పీరయ్య పప్పు గిన్నె మీద మూత పెట్టాడు.

ఈ కంపెనీలో సెలవు మీద ఇంటికి పోవాలంటే తోటి పనివాడొకడు జామీను ఉండాలి. పోయినవాడు తిరిగి రాకపోతే, ఉన్నవాడికి సెలవూ లేదు, ఎగ్జిటూ లేదు. నాలుగేళ్ల కింద లింబాద్రి పెళ్లికి పోవాల్సి వస్తే ఎవరూ ముందుకు రాలేదు. మల్లేశమే వచ్చాడు. ఆ అరబ్బీ కాగితమూ అతనికి చదవరాదు. ట్రంకు పెట్టె మూత లోపల అతికించుకున్న కొండగట్టు అంజన్నకు దండం పెట్టుకుని సంతకం చేశాడు.

అరవయ్యో రోజు, చెప్పిన గంటకు, లింబాద్రి తలుపు తోసుకుని వచ్చాడు. సంచి నిండా సకినాలు.

"నిన్ను ఇక్కడ ఇరికిచ్చి నేను పెండ్లాం పక్కన పండుకుంటనా అన్నా?" అన్నాడు.

అలాంటివాడిని నమ్మకపోతే ఇంక దేవుణ్ని మాత్రం ఎందుకు నమ్మాలి? మల్లేశం జిరాక్సు షాపులో కాగితం తీయించి, సంతకం పెట్టి, ఫొటో పంపాడు.

అప్పటి నుంచి రోజుకో మెసేజ్. ఎత్తెంత, మోకాళ్ల నొప్పులున్నాయా, కళ్లు బాగా కనబడతాయా.

"వంటమనిషి కోసమా, పిల్లనిచ్చే సంబంధం కోసమా గివన్ని అడుగుడు?" అన్నాడు పీరయ్య.

"పెద్ద పెద్ద వంట గంజులు ఎత్తాలెనట కాకా."

"బూట్ల నంబరెంత అన్నా?" అని ఇంకో రోజు అడిగాడు లింబాద్రి.

"తొమ్మిది."

"నాది కూడ తొమ్మిదే! నా బూట్లు, నా కోటు నీకే. పైసలు ఖరాబు చెయ్యకు. ఇంకో మాట అన్నా, మా ఇంటామె సరళకు మాత్రం ఏం చెప్పకు. మిలిటరీ పేరింటెనే భయపడ్తది. హోటల్ల పని అని చెప్పిన."

వీడియో కాల్ చేయమంటే క్యాంపులో వీడియో బంద్ అన్నాడు. నిజమే కదా, మిలిటరీ వాళ్లు ఒప్పుకుంటారా అనుకున్నాడు మల్లేశం.

ప్రయాణం రోజు మధ్యాహ్నం పీరయ్య అతన్ని పికప్‌లో జెద్దా విమానాశ్రయానికి తీసుకొచ్చాడు. దిగేటప్పుడు భుజం మీద చెయ్యి వేశాడు. "ఎగ్జిట్ మీద పోతున్నవు. దాటినంక ఇక్కడ ఉండెతందుకు ఇచ్చిన ఈ ఇకామా కార్డు చెల్లదు. ఇంకోసారి ఆలోచించుకో బిడ్డా."

అప్పుడే ఫోన్ మోగింది. భార్య శ్రీలత. ఆమె చేతిలోంచి కూతురు లాక్కుంది.

"బాపూ, అక్కడ మంచు పడ్తదట కదా! నన్నెప్పుడు తీస్కపోతవ్?"

"వచ్చే ఏడు, బిడ్డా."

పీరయ్య పికప్ వెనక తలుపు తెరిచాడు. బ్యాగు అందించాడు.

దుబాయి మీదుగా మాస్కో. ఆ రోజు పొద్దున్నే లింబాద్రి మెసేజ్ వచ్చి ఉంది. "ఏర్‌పోర్టుల నేనే నిలబడుత. రంది పడకు."

విమానంలో కూర్చున్నాక మల్లేశం మనసు ఒక దగ్గర ఆగలేదు. ఒక మనిషి దగ్గరికి పోతూ, అతని ఇంటివాళ్లను ఒక్క మాట అడగకుండా పోవడం రాబిగ్ కూలీల క్యాంపులో ఎవరికీ అలవాటు లేదు. మందు బిళ్లో, పచ్చడి సీసానో, కనీసం ఒక కబురో, ఏదో ఒకటి మోసుకెళ్లాల్సిందే. లింబాద్రి వద్దన్నాడు నిజమే. అయినా మిలిటరీ సంగతి ఎత్తకుండా మాట్లాడితే ఏం పోతుంది?

విమానం తలుపులు మూస్తున్నారు. సరళ ఫోన్ ఎత్తింది.

"అమ్మా సరళా, నేను మల్లన్నను. లింబాద్రి దగ్గరికే పోతున్న. ఆయనకేమన్న చెప్పాల్నా?"

"ఆయన ఆదివారమే ఇంటికొచ్చిండు కదా అన్నా," అంది సరళ సంబరంగా, "తన జాగల ఇంకో మనిషితోని సంతకం పెట్టిస్తెనే ఇడుస్తమన్నరట ఆ పటాలపోళ్లు, ఎవలో పుణ్యాత్ముడు దొరికిండట!"